ఆ ఎస్టేటు ఎవరి డబ్బుతో కొన్నారో బోర్డు మీద రాయండి: బ్రిటన్ భవంతుల నిర్వాహకులకు బహిరంగ లేఖ

బ్రిటన్‌లో పాతకాలపు భూస్వాముల భవంతులను కాపాడుతూ, టికెట్టు పెట్టి జనానికి చూపిస్తున్న ధర్మకర్తలకు, ఎస్టేటు యజమానులకు, అక్కడి బోర్డుల మీద వివరాలు రాసే చరిత్రకారులకు,

నమస్కారం. రెండు వందల యాభై ఏళ్ల నాటి ఇంటి పైకప్పును నిలబెట్టడం ఎంత ఖర్చో, ఎంత ఓపికో నాకు తెలుసు. జీతం లేకపోయినా గదిగదిలో నిలబడి ఓపిగ్గా కథ చెప్పే మీ పెద్దవాళ్లంటే గౌరవమూ ఉంది. ఇక అసలు సంగతికి వస్తాను.

నేను బర్క్‌షైర్‌లో స్థిరపడిన తెలుగువాడిని. మీలో ఒకరికి ఇదివరకు ఇంగ్లీషులో ఉత్తరం రాశాను. వారి భవంతి పేరు ఇక్కడ చెప్పను, ఎందుకంటే ఈ ఫిర్యాదు ఒక్క ఇంటిది కాదు. ఆ ఇంటి పెద్ద హాలులో వేలాడే నిలువెత్తు చిత్రం కింద ఒక చిన్న పలక ఉంది. ఆ చిత్రంలోని పెద్దమనిషి తూర్పు దేశాల్లో ఉద్యోగం చేసి, సంపదతో తిరిగివచ్చి, ఎస్టేటు కొని, పార్లమెంటులో తన ప్రాంతానికి సేవ చేశాడని దాని మీద రాశారు. పక్క గదిలో ఆయన భోజనాల బల్ల మీది వెండి గిన్నెల గురించి మాత్రం ఒక పేజీ నిండా వివరం ఉంది. ఆ సంపద ఎక్కడిది, ఆ సీటు ఎలా వచ్చింది అనే రెండు సంగతులు చేర్చమని అడిగాను. మొదట 'మీ అభిప్రాయానికి ధన్యవాదాలు' అని జవాబు వచ్చింది. మళ్లీ రాస్తే అదీ రాలేదు. అందుకే ఇప్పుడు అందరి ముందూ, తెలుగులో రాస్తున్నాను. వేసవిలో ఆరు నెలల వీసా మీద వచ్చే అమ్మానాన్నలను, అత్తమామలను మావాళ్లు ముందు తీసుకువచ్చేది మీ తోటలకే. టికెట్టు కొన్నవాళ్లకు అడిగే హక్కు ఉంటుంది. ఏమి అడగాలో తెలియడం కోసం ఈ లేఖ.

మీ బోర్డులు ఆ మనిషిని ముందు భూస్వామిగా, తర్వాత ప్రజాప్రతినిధిగా చూపించి, డబ్బు సంగతిని దాటవేస్తాయి. నిజానికి ముందు డబ్బు, ఆ డబ్బుతో నేల, నేలతో సీటు. సీటు దక్కాక, ఆ డబ్బు గురించి అడిగేవాళ్ల నుంచి రక్షణ. ఈ వరసను తిరగేసి చెబితే దొర నీతిమంతుడిగా మిగులుతాడు, రైతు కథలోనే ఉండడు. ఇందులో తెలుగు నేలకు నేరుగా తగిలే సంగతులను కింద వరసగా రాస్తున్నాను.

1. నేల లేనిదే సభ లేదు. 1711లో చేసిన చట్టం ప్రకారం కౌంటీ, అంటే జిల్లా, తరఫున పార్లమెంటు దిగువ సభ అయిన కామన్స్ సభలో కూర్చోవాలంటే నేల మీద ఏడాదికి 600 పౌండ్ల రాబడి చూపించాలి. పట్టణ స్థానానికి 300 పౌండ్లు చాలు. సంచుల్లో నగదు ఎంత ఉన్నా లెక్కలోకి రాదు. ఇతర ఆస్తినీ లెక్కలోకి తీసుకోవడం 1838లో మొదలైంది, నిబంధన పూర్తిగా పోయింది 1858లో. సభ్యుడికి జీతం 1911 దాకా లేదు. కాబట్టి మద్రాసు నుంచో కలకత్తా నుంచో మూటలతో దిగినవాడు మొట్టమొదట కొనేది ఎస్టేటు. మీరు చూపించే పల్లెదొర జీవితం, అంటే వేట కుక్కలు, చెరువు, జింకల వనం, శీతకాలంలో లండన్ ఇల్లు, ఇవన్నీ సరదాతో పాటు అర్హతా పత్రాలు కూడా.

ఆ జీవితంలో ఊరి జనం వాటా ఏమిటో కూడా చెప్పండి. 1671 నుంచి 1831 దాకా నడిచిన వేట చట్టాల కింద ఏడాదికి 100 పౌండ్ల భూమి రాబడి ఉన్నవాడికే కుందేలును కొట్టే హక్కు. చిన్న రైతు తన చేనులో పడ్డ కుందేలును తానే కొట్టినా నేరమే. అతన్ని విచారించే మేజిస్ట్రేటు ఆ ఊరి దొర. కుందేలు వచ్చిన అడవి ఆ దొరది. చట్టం చేసిన సభలో ఉన్నదీ ఆ దొరే, కాకపోతే ఆయన బావమరిది.

2. కృష్ణ ఒడ్డు వజ్రం, విల్ట్‌షైర్ దిబ్బ. థామస్ పిట్ అనే ఇంగ్లీషు వర్తకుడు ఈస్టిండియా కంపెనీ గుత్తాధిపత్యాన్ని ధిక్కరించి ఇండియాతో వ్యాపారం చేసి డబ్బు కూడబెట్టాడు. 1691లో సాలిస్‌బరీ పక్కనున్న ఓల్డ్ సారమ్ అనే దిబ్బను కొన్నాడు. ఇల్లూ వాకిలీ లేని పాడు పడ్డ కోట అది. అయినా కామన్స్ సభకు ఇద్దరు సభ్యులను పంపేది. ఓట్లు అక్కడి నేల ముక్కలకు ఉండేవి, ఆ ముక్కలు ఎవరివైతే సభ్యులు వాళ్ల మనుషులు. మాంచెస్టర్, బర్మింగ్‌హామ్ లాంటి పెద్ద పట్టణాలకు 1832 దాకా ఒక్క సీటూ లేదు.

ఈ పిట్ 1698 నుంచి 1709 దాకా మద్రాసు గవర్నరు. కృష్ణా తీరపు గనుల్లో దొరికిన 410 క్యారెట్ల వజ్రాన్ని జమ్‌చంద్ అనే వర్తకుడి దగ్గర 48,000 పగోడాలకు, అంటే వరహాలకు, కొన్నాడు. అది పరిటాల గనిదని కొందరు, కొల్లూరు గనిదని కొందరు చెబుతారు. 1717లో దాన్ని ఫ్రాన్సు రాజప్రతినిధికి 1,35,000 పౌండ్లకు అమ్మాడు. ఇప్పుడు లూవ్ర్ మ్యూజియంలో ఉంది. ఆ సొమ్ముతో కార్న్‌వాల్‌లో బొకొనాక్ వంటి ఎస్టేట్లు కొన్నాడు. మనవడు విలియం పిట్ 1735లో మొదటిసారి కామన్స్ సభలో అడుగుపెట్టింది ఓల్డ్ సారమ్ నుంచే. అతని కొడుకు, చిన్న పిట్, 24 ఏళ్లకే ప్రధానమంత్రి అయ్యాడు.

ఈ వంశం గురించి చెప్పాల్సినది ఇంకొకటి ఉంది. పెద్ద పిట్, అంటే ఆ మనవడు విలియం, చాతమ్ ప్రభువైన తర్వాత, 1770 జనవరిలో, ప్రభువుల సభలో ఒక ప్రసంగం చేశాడు. ఈ నేలతో సహజ సంబంధం లేని వాళ్లు, పరాయి బంగారాన్ని దిగుమతి చేసుకున్న వాళ్లు, ఏ వంశపారంపర్య ఆస్తీ తట్టుకోలేని లంచాల వరదతో పార్లమెంటులోకి చొరబడ్డారని ఆవేదన పడ్డాడు. తాత అమ్మిన వజ్రం అప్పటికి పారిస్ ఖజానాలో ఉంది. రెండు తరాలు గడిస్తే పరాయి బంగారం వంశపారంపర్య ఆస్తి అయిపోతుందన్నమాట! ఇంతకన్నా చక్కగా మీ బోర్డు కూడా చెప్పలేదు.

వజ్రాన్ని తవ్వినవాడి పేరు ఎక్కడా లేదు. ఫ్రెంచి వజ్రాల వ్యాపారి టావెర్నియర్ 17వ శతాబ్దంలో మన గనులు తిరిగి చూశాడు. కొల్లూరులో మగవాళ్లు తవ్వుతుంటే ఆడవాళ్లు, పిల్లలు మట్టి మోసేవారని, మొత్తం 60,000 మంది దాకా పనిచేసేవారని రాశాడు. దక్కన్‌లోని మరో గని దగ్గర పని తెలిసిన కూలీకి ఏడాదికి 3 వరహాలు గిట్టేదన్నాడు. ఆ కూలి లెక్కన 48,000 వరహాలంటే 16,000 ఏళ్ల కష్టం. మా మామగారిది పరిటాల దగ్గరి కంచికచర్ల. మీ తోటలో బెంచీ మీద కూర్చుని ఈ భాగాహారం చేసింది ఆయనే. తర్వాత టీ తాగడానికి కూడా లేవలేదు. కొల్లూరు పులిచింతల జలాశయం ముంపులో పోయింది. అక్కడ బోర్డు పెట్టడానికి నేలే లేదు. పెట్టగలిగిన చోటు మీ గోడే.

3. తలుపుకు చేసిన కన్నం నుంచి మద్రాసు గవర్నరు పదవి దాకా. 1774లో డోర్సెట్‌లోని షాఫ్ట్స్‌బరీ పట్టణంలో ఎన్నిక జరిగింది. పోటీలో ఉన్నవాళ్లలో ఇద్దరు కంపెనీ కొలువులో గడించి వచ్చిన ఫ్రాన్సిస్ సైక్స్, థామస్ రంబోల్డ్. ఓటరు ఒక ఇంటికి వెళ్లాలి. లోపలి గది తలుపుకు ఒక కన్నం. అవతల తోలుబొమ్మలాటలో 'పంచ్' వేషం కట్టుకున్న మనిషి. కన్నంలోంచి 20 గినీల, అంటే బంగారు నాణేల, పొట్లం బయటికి వస్తుంది. ఇచ్చింది ఎవరని విచారణలో అడిగితే పంచ్ అని చెప్పాలి. పుచ్చుకున్నవాడు డబ్బు అందినట్టు 'గ్లెన్‌బకెట్' అనే లేని మనిషి పేర పత్రం రాసి సంతకం పెట్టాలి. ఇది పుకారు కాదు, కామన్స్ కమిటీ ముందు బయటపడిన వ్యవహారం. ఎన్నిక రద్దయింది. ఓడిన అభ్యర్థి హాన్స్ విన్‌త్రప్ మార్టిమర్ సీటుతో పాటు, సైక్స్ మీద దావా వేసి 11,000 పౌండ్ల నష్టపరిహారం కూడా గెలిచాడు. (బర్క్‌షైర్‌లో మావాళ్లు పిక్నిక్‌కు వెళ్లే బాసిల్డన్ పార్కు ఈ సైక్స్ కట్టించిందే.)

రంబోల్డ్‌కు ఏమైంది? 1778 ఫిబ్రవరిలో మద్రాసు గవర్నరై వచ్చాడు. మరుసటి ఏడాది బారొనెట్ బిరుదూ వచ్చింది.

ఆయన వచ్చేసరికి ఉత్తర సర్కారుల్లో ఒక మంచి పని మొదలవబోతోంది. శిస్తు నిజంగా ఎంత, జమీందారు వసూలు చేసేది ఎంత, రైతుకు మిగిలేది ఎంత అని ఊళ్లు తిరిగి తేల్చమని లండన్‌లోని కంపెనీ డైరెక్టర్లు సర్క్యూట్ కమిటీని వేయించారు. రంబోల్డ్ వస్తూనే దాన్ని రద్దు చేశాడు. జమీందార్లనే మద్రాసుకు వచ్చి తన ముందు తేల్చుకొమ్మన్నాడు. విజయనగరం నుంచి మద్రాసుకు ఇప్పటి రోడ్డు మీదే ఎనిమిది వందల కిలోమీటర్లు దాటుతుంది. పల్లకీలు, పరివారం, నెలల తరబడి మద్రాసు బస, అక్కడి దుబాసీలకు, అంటే దొరల దగ్గరి మధ్యవర్తులకు, ముడుపులు. ఈ ఖర్చంతా చివరికి ఎవరి కళ్లంలో తేలుతుందో సర్కారు జిల్లాల వాళ్లకు వివరించనక్కరలేదు. ఊళ్లు తిరిగే కమిటీ ఉంటే రైతు నోరు విప్పే అవకాశం ఉండేది. మద్రాసు గదిలో రైతు లేడు.

విజయనగరం రాజు విజయరామరాజు మీద ఒత్తిడి తెచ్చి, సవతి సోదరుడు సీతారామరాజును దివానుగా నెత్తిన పెట్టారు. దాని వెనక సొమ్ము చేతులు మారిందని ఆరోపణ వచ్చింది. రంబోల్డ్ అప్పటికే ఇంగ్లండుకు తిరిగి వెళ్లాడు, అయినా 1781లో డైరెక్టర్లు ఆయన్ని కొలువులోంచి తొలగించారు. 1782లో హెన్రీ డండాస్ కామన్స్ సభలో ఆయన మీద శిక్షా బిల్లు తెచ్చాడు. మద్రాసులో రెండేళ్లు పైబడిన కాలంలో ఆయన ఐరోపాకు పంపిన మొత్తం 1,64,000 పౌండ్లన్న లెక్క సభ ముందుకు వచ్చింది. జీతభత్యాలు ఎలా చూసినా దానికి చాలవు. అది అంతకుముందు బెంగాల్లో సంపాదించిన డబ్బని ఆయన పక్షం వాదించింది. ఏది నిజమో తేలాల్సింది విచారణలో. 1783లో బిల్లు నీరుగారిపోయి, ఏదీ తేలకుండా పోయింది.

మీ బోర్డు ఎగరగొట్టే సంగతి ఇదే. 1780లో అదే షాఫ్ట్స్‌బరీ ఆయన్ని మళ్లీ సభకు పంపింది. తర్వాత యార్మత్, ఆ తర్వాత వేమత్ సీట్లు. 1790 దాకా సభ్యుడు. తన మీద విచారణ జరుపుతున్న సభలో తానూ ఒకడు. హెర్ట్‌ఫర్డ్‌షైర్‌లో థామస్ లెవర్టన్ చేత గీయించి కట్టించుకున్న వుడ్‌హాల్ పార్కు ఇప్పటికీ ఉంది. విజయనగరం రాజు మాత్రం పేష్కషు, అంటే కంపెనీకి కట్టాల్సిన కప్పం, బకాయిల వివాదం ముదిరి, 1794 జూలై 10న పద్మనాభం దగ్గర కంపెనీ సైన్యం చేతిలో మరణించాడు. ఆ యుద్ధం పేరు మా ఉత్తరాంధ్రలో పిల్లలకు కూడా తెలుసు. దానికి పదహారేళ్ల ముందు మద్రాసులో ఎవరు ఏ సంతకం పెట్టారో హెర్ట్‌ఫర్డ్‌షైర్‌లో ఎవరికీ తెలియదు.

4. ఎనిమిది సీట్ల అప్పులవాడు. రంబోల్డ్ పోయాక వుడ్‌హాల్‌ను కొన్నది ఇంకెవరో కాదు, మద్రాసులోనే గడించిన పాల్ బెన్‌ఫీల్డ్. ఇతను కంపెనీ చిన్న ఉద్యోగి. ఆర్కాటు నవాబు మహమ్మదలీకి ఇతనూ, ఇతని సాటి ఉద్యోగులూ భారీ వడ్డీకి అప్పులిచ్చారు. తాకట్టు నగలు కావు, జిల్లాల శిస్తు, అంటే ఇంకా కోయని పంట. తంజావూరు పంట మీద బెన్‌ఫీల్డ్ చెప్పిన హక్కును ఒప్పుకోని గవర్నరు పిగట్‌ను 1776లో సొంత కౌన్సిలే నిర్బంధించింది. మరుసటి ఏడాది ఆయన నిర్బంధంలోనే చనిపోయాడు.

మన పిల్లలు గ్రూప్స్ పరీక్షలకు బట్టీ పట్టే 1784 నాటి పిట్స్ ఇండియా చట్టం ఇక్కడ కథలోకి వస్తుంది. వజ్రాల పిట్ ముని మనవడి చట్టం అది. దాని కింద కంపెనీని అదుపు చేయడానికి ఏర్పడిన ప్రభుత్వ మండలిలో కీలకమైన మనిషి డండాస్, రెండేళ్ల క్రితం రంబోల్డ్ మీద బిల్లు తెచ్చినవాడు. ఇప్పుడు ఆయనే, అప్పులు నిజమా అబద్ధమా అని చూడకుండా, కర్ణాటక, అంటే ఆర్కాటు నవాబు రాజ్యం, రాబడిలోంచి ఏటా 12 లక్షల పగోడాలు అప్పులవాళ్లకు కట్టమన్నాడు. 1785 ఫిబ్రవరి 28న ఎడ్మండ్ బర్క్ కామన్స్ సభలో లేచి కారణం చెప్పాడు: బెన్‌ఫీల్డ్ తనతో కలిపి ఎనిమిదిమంది సభ్యులను గెలిపించాడు. పార్లమెంటును అసలు సంస్కరించిన మహానుభావుడు పాల్ బెన్‌ఫీల్డేనని వెటకారమాడాడు. ఓట్లు లెక్కపెడితే బర్క్ ఓడిపోయాడు.

నవాబు రాజ్యంలో నెల్లూరు సీమ ఉంది. 1801లో కంపెనీ చేతికి వచ్చేదాకా అక్కడి రైతు కట్టిన శిస్తు ఈ లెక్కలోకే పోయింది. పైగా 1780లో హైదరలీ దండయాత్ర, ఆ వెనకే 1782లో మద్రాసు కరువు చూసిన దేశం అది. తర్వాతి కాలపు అప్పుల మీద 1805లో ఒక కమిషన్ వేసి పత్రాలు ఒక్కొక్కటే పరిశీలిస్తే, 3 కోట్ల పౌండ్లు దాటిన దావాల్లో పదో వంతు కూడా నిజమని తేలలేదు. మొదట ఇచ్చినవాటిని ఎవరూ ఇలా పరిశీలించలేదు. బెన్‌ఫీల్డ్ చివరికి దివాలా తీసి 1810లో పారిస్‌లో పేదరికంలో పోయాడు. నెల్లూరు రైతుకు దానివల్ల ఒరిగింది లేదు.

5. ఇంగ్లండు పల్లెల కష్టం కూడా దాస్తున్నారు. ఈ లేఖ చదివి, ఇది మావాళ్లకూ మీవాళ్లకూ మధ్య తగవు అనుకోవద్దు. మీ తోట చుట్టూ ఉన్న ఊళ్ల తాతముత్తాతలు కూడా ఇందులో నష్టపోయినవాళ్లే. 1604 నుంచి 1914 దాకా 5,200కు పైగా ఆవరణ బిల్లులతో పార్లమెంటు 68 లక్షల ఎకరాల ఉమ్మడి, బయలు భూములకు కంచెలు వేయించింది. ఆవును మేపుకునే, కట్టెలు ఏరుకునే హక్కు పోయినవాడు కూలీ అయ్యాడు. 1815లో అదే సభ క్వార్టరు (అప్పటి ధాన్యం కొలత) గోధుమ ధర 80 షిల్లింగులకు చేరేదాకా విదేశీ గోధుమ అమ్మకూడదంది. దొరల కౌలు నిలిచింది, కూలీ రొట్టె ప్రియమైంది. ఓటు అందరి ముందూ నోటితో చెప్పాలి, రహస్య బ్యాలెట్ వచ్చింది 1872లోనే. 1829లో నూవార్క్‌లో తన మనిషికి ఓటు వేయని కౌలుదార్లను న్యూకాసిల్ డ్యూక్ ఇళ్లు ఖాళీ చేయించాడు. ఇదేమిటని అడిగితే, నా సొత్తును నా ఇష్టం వచ్చినట్టు చేసుకోకూడదా అన్నాడు.

6. ఆ దొర నమూనాను మా నెత్తినా రుద్దారు. జమీందారును ఇంగ్లీషు భూస్వామిలా తీర్చిదిద్దితే నేల బాగుపడుతుందన్న నమ్మకంతో 1793లో బెంగాల్లో, 1802 నుంచి ఉత్తర సర్కారుల్లో శాశ్వత శిస్తు పెట్టారు. అప్పటి మద్రాసు గవర్నరు ఎడ్వర్డ్ క్లైవ్, రాబర్ట్ క్లైవ్ కొడుకు, అంతకుముందు ఇరవై ఏళ్లు లడ్లో నుంచి కామన్స్ సభ్యుడు. జమీందారు కట్టాల్సింది ఖాయం చేశారు, రైతు కట్టాల్సింది వదిలేశారు. బకాయి పడ్డ ఎస్టేట్లు వేలానికి వచ్చాయి. ఓల్డ్ సారమ్ సీట్లు రద్దయిన 1832 మా పంచాంగంలో నందన నామ సంవత్సరం, గుంటూరు సీమలో డొక్కల కరువు మొదలైన ఏడు. ఆ జిల్లాలో 5 లక్షల మందిలో 2 లక్షల దాకా పోయారని అంచనా. వానలు లేకపోవడం ఒక్కటే కారణం కాదు. కరువు వచ్చేనాటికే గాదెలూ, జమీలూ అప్పుల్లో ఉన్నాయి. జమీందారీని రద్దు చేసే చట్టం వచ్చింది స్వాతంత్ర్యం వచ్చాక, 1948లో.

మీ నుంచి మామూలుగా వచ్చే జవాబులు తెలుసు కాబట్టి వాటినీ ఇక్కడే ముగిస్తాను.

కాలం అలాంటిది అంటారు. ఆ కాలంలోనే డైరెక్టర్లు తప్పన్నారు, కామన్స్ కమిటీ తప్పంది, బర్క్ గొంతు చించుకున్నాడు. మేము ఈనాటి కళ్లతో చూడటం లేదు. వాళ్ల కాగితాలే చదువుతున్నాం.

అందరూ అలా లేరు అంటారు. ఒప్పుకుంటాను. పదవులకు, పింఛన్లకు ఆశపడకుండా ఓటు వేసిన పల్లెదొరలు నిజంగానే ఉండేవారు. 1782లో అమెరికా యుద్ధం మీద వాళ్ల మద్దతు జారిపోవడం వల్లనే ప్రధాని నార్త్ ప్రభుత్వం నిలవలేకపోయింది. అటువంటివారి పేరు నిలవాలన్నా, కొనుక్కున్నవాళ్లు ఎవరో విడిగా చెప్పక తప్పదు. ఇప్పుడు మీ గోడల మీద ఇద్దరికీ ఒకే పొగడ్త.

జనం విహారానికి వస్తారు, పాఠాలకు కాదు అంటారు. 2020లో పాత భవంతులను కాపాడే నేషనల్ ట్రస్ట్ సంస్థ తన సంరక్షణలోని 93 స్థలాలకు వలస పాలనతో, బానిసత్వంతో ఉన్న సంబంధాలను నివేదికగా వేసినప్పుడు పార్లమెంటు సభ్యులు కొందరు మండిపడ్డారు. ఫిర్యాదులు ధర్మసంస్థలను పర్యవేక్షించే ఛారిటీ కమిషన్ దాకా వెళ్లాయి. తప్పు ఏమీ లేదని 2021లో కమిషన్ చెప్పింది. ఆ తోటల గేట్లు ఏమీ మూతపడలేదు. నివేదిక ఒక అడుగు. అది కాగితాల్లో ఉంది, గోడ మీదకు రావాలి. ప్రైవేటు ఎస్టేట్లలో చాలా వాటిలో ఆ అడుగు కూడా పడలేదు.

మా విన్నపాలు:

1. ఎస్టేటు కొన్న ప్రతి చోటా, కొన్న సంవత్సరంతో పాటు ఆ డబ్బు ఏ కొలువులో, ఏ ఊళ్ల నుంచి వచ్చిందో తెలిసినంతవరకు ఒక్క వాక్యంలో రాయండి. 'తూర్పు దేశాలు' అనే మాట చాలదు. మద్రాసు, మచిలీపట్నం, విజయనగరం, నెల్లూరు అని పేర్లు రాయండి.

2. 'పార్లమెంటు సభ్యుడు' అని రాసినచోట ఏ స్థానం, ఆ స్థానానికి ఎందరు ఓటర్లు, ఎన్నిక మీద ఫిర్యాదు వచ్చిందా, సభలో ఆయన మీద విచారణ జరిగిందా అన్నవి చేర్చండి. తేలని ఆరోపణను తేలలేదనే రాయండి, ఎదుటి పక్షం వాదనతో సహా. మాకు కావలసింది తిట్టు కాదు.

3. మీ బీరువాల్లో ఉన్న మద్రాసు కాలపు ఉత్తరాలు, లెక్కల పుస్తకాలు ఫొటోలు తీసి అందరికీ అందుబాటులో పెట్టండి. ఆ రాతల్లో చీకాకోలు శ్రీకాకుళమని, మసూలిపటం మచిలీపట్నమని గుర్తుపట్టడానికి, వంకర టింకరగా రాసిన మా ఊళ్ల పేర్లు విప్పడానికి తెలుగు చదివినవాళ్లు ఉచితంగా సాయపడతారు. నేను మొదటివాడిని.

4. కంచెల వల్ల, ఓటు వల్ల, వేట చట్టాల వల్ల నష్టపోయిన మీ ఊరి జనం పేర్లు పారిష్ (ఊరి చర్చి) పుస్తకాల్లో దొరికితే వాటినీ అదే హాలులో పెట్టండి. వంటింటికి పక్కనున్న నౌకర్ల గదిలో కాదు.

5. గదుల్లో కథ చెప్పే పెద్దవాళ్లకు ఈ సంగతులు ముందే చెప్పండి. మావాళ్లు అడిగినప్పుడు వాళ్లు ఇబ్బందిపడటం నాకు ఇష్టం లేదు. నేను చూసిన ఒకావిడ పాపం ఎర్రబడిపోయి, తనకు ఇచ్చిన కాగితంలో ఇంతే ఉందని చెప్పింది.

తెలుగువాళ్లకు కూడా ఒక మాట. భవంతి మెట్ల మీద ఫొటోలు దిగండి, పెళ్లిళ్లు కూడా అక్కడే చేసుకోండి, నాకేమీ అభ్యంతరం లేదు. బయటికి వచ్చేముందు సందర్శకుల పుస్తకంలో ఒక్క ప్రశ్న రాయండి: ఈ ఇల్లు ఎవరి డబ్బుతో కట్టారు? తెలుగులో రాసినా ఫరవాలేదు. పుస్తకం నిండితే ఎవరో ఒకరు చదివిస్తారు.

చాలా భవంతులు శీతకాలంలో మూసి, ఈస్టరు ముందు తలుపులు తెరుస్తాయి. బోర్డులు మార్చుకోవడానికి అనువైన కాలం అదే. వచ్చే ఈస్టరు లోపల మీ జవాబు కోసం చూస్తాను. ఈ లేఖ ఇంగ్లీషు ప్రతిని మీ కార్యాలయాలకు విడిగా పంపుతున్నాను. జవాబు ఇంగ్లీషులోనే రాయండి, తెలుగు చేసి మావాళ్లకు చేరవేసే పని నాది. రాకపోతే, రాలేదన్న సంగతీ చేరవేస్తాను.

ఇట్లు,
బర్క్‌షైర్ నుంచి ఒక తెలుగు సందర్శకుడు